బ్రాంకియోలైటిస్ స్కోరు: గంటలో 5 కాస్తా 8 అయితే దేన్ని నమ్మాలి?

ప్రశ్న క్లుప్తంగా ఇదీ. అడిగినవారు పిల్లల వార్డులో కొత్తగా డ్యూటీలో చేరిన డాక్టర్. నాలుగు నెలల బాబు, జలుబు మొదలై మూడో రోజు, బ్రాంకియోలైటిస్ (వైరస్ వల్ల పసిపిల్లల ఊపిరితిత్తుల్లోని సన్నని గాలిగొట్టాలు వాచి మూసుకుపోయే జబ్బు). సాయంత్రం ఒకరు చూసి, ఊపిరి ఇబ్బంది ఎంతుందో మార్కుల్లో చెప్పే వాంగ్ స్కోరు 5 అని రాశారు. గంట తర్వాత డ్యూటీ మారాక ఇంకొకరు 8 అని రాశారు. ఐసీయూకి మార్చాలేమోనని అందరికీ టెన్షన్. ఇంతలో సీనియర్ వచ్చి "ముందు ఆ స్కోరు పక్కన పెట్టి బిడ్డని చూడండి" అన్నారట. మరి ఈ స్కోర్లు ఎందుకు, వాటిలో నమ్మదగ్గది ఏది, ఎంత వస్తే అడ్మిట్ చేయాలి, ఎంత వస్తే ఐసీయూ, ఎంతకోసారి వేయాలి, ఎంత ఉంటే డిశ్చార్జ్ చేయొచ్చు అన్నది మీ సందేహం.

సూటిగా చెప్తాను. ఒక్క అంకె చూసి అడ్మిషనో ఐసీయూనో తేల్చేసే స్కోరు బ్రాంకియోలైటిస్‌లో లేదు. ఉన్నవాటిలో ఏదో ఒకటి ఎంచుకుని, వార్డులో అందరూ ఒకేలా వేయడం నేర్చుకుని, ఒకే బిడ్డకి మళ్లీ మళ్లీ వేస్తే అది బాగా పనికొస్తుంది. బిడ్డ కోలుకుంటున్నాడా, దిగజారుతున్నాడా అన్నది చెప్తుంది. బిడ్డని ఎక్కడ ఉంచాలన్నది మాత్రం స్కోరులో చాలావరకు కనపడని విషయాలు తేలుస్తాయి. వయసు ఎంత, జబ్బు ఎన్నో రోజు, పాలు ఎంత తాగుతున్నాడు, ఊపిరి మధ్యలో ఆగుతోందా, ఆక్సిజన్ ఎంత ఉంది, బిడ్డ అలిసిపోతున్నాడా, ఇవీ ఆ విషయాలు. మీ సీనియర్ మాట సగం నిజం. బిడ్డని చూడాల్సిందే, కానీ స్కోరుని పక్కన పెట్టక్కర్లేదు. 5 ఎలా 8 అయిందో విప్పి చూస్తే మీ జవాబు చాలావరకు అక్కడే దొరుకుతుంది.

వాంగ్ స్కోరులో నాలుగు అంశాలు. ఒక్కోదానికి 0 నుంచి 3, మొత్తం 12. మొదటిది నిమిషానికి ఊపిరి ఎన్నిసార్లు అన్నది: 30 లోపు 0, 31–45కి 1, 46–60కి 2, 60 దాటితే 3. రెండోది పిల్లికూతలు: స్టెత్‌కి మాత్రమే వినిపిస్తే 1, ఊపిరి వదిలేటప్పుడు స్టెత్ లేకుండానే వినిపిస్తే 2, తీసేటప్పుడూ వదిలేటప్పుడూ అలా వినిపిస్తే 3. మూడోది డొక్కలు ఎగరేయడం: పక్కటెముకల మధ్య మాత్రమే లోపలికి పోతుంటే 1, గొంతు కింద గుంట కూడా పడుతుంటే 2, ముక్కుపుటాలు ఎగరేస్తూ తీవ్రంగా ఉంటే 3. నాలుగోది బిడ్డ మొత్తంగా ఎలా ఉన్నాడన్నది. కిటుకంతా ఇక్కడే ఉంది. ఈ నాలుగోదానికి 1 లేదు, 2 లేదు. బాగుంటే 0, చిరాకుగానో మత్తుగానో ఉన్నా, పాలు సరిగ్గా తాగకపోయినా ఏకంగా 3.

ఇప్పుడు మీ బాబు సంగతి చూడండి. ఊపిరి 50కి 2, స్టెత్ లేకుండా వినిపించే పిల్లికూతకి 2, పక్కటెముకల మధ్య లాగుడుకి 1. మొత్తం 5. గంట తర్వాత ఇవన్నీ అక్షరాలా అలాగే ఉండి, బాబు ఆకలేసి గుక్కపెట్టి ఏడుస్తున్నాడనుకోండి. కొత్తగా డ్యూటీకి వచ్చిన డాక్టర్ "చిరాకుగా ఉన్నాడు" అని 3 వేశారు. అంతే, 8. ఊపిరితిత్తుల్లో ఏమీ మారలేదు. ఇంకో దారిలో కూడా 8 రావచ్చు. బాబు నిజంగానే పాలు వదిలేసి, పిలిస్తే కళ్లు కూడా సరిగ్గా తిప్పని స్థితికి వచ్చుండొచ్చు. అదీ 3 మార్కులే. మొదటి బిడ్డకి పాలు కావాలి, రెండో బిడ్డకి మీరు పరుగెత్తాలి. కాగితం మీద ఇద్దరూ 8. అందుకే నేను జూనియర్లని మొత్తం ఎంత అని అడగను, ఏ అంశం ఎంత పెరిగింది అని అడుగుతాను. కేస్ షీట్‌లో కూడా "వాంగ్ 8" అని వదిలేయకుండా "2, 2, 1, 3, ఏడుపు ఆకలికి, పాలు పట్టాక ఊరుకున్నాడు" అని రాయిస్తాను. ఆ చిన్న వాక్యం ఉంటే తర్వాత వచ్చే డాక్టర్‌కి నిజంగా ఏం జరిగిందో తెలుస్తుంది.

అసలు ఈ స్కోర్లు ఎందుకు పుట్టాయో తెలిస్తే వాటి మీద మన అంచనాలు సరిగ్గా ఉంటాయి. టాల్ స్కోరు 1983లో వచ్చింది, పిల్లికూతలున్న పసిపిల్లల్లో డెక్సామెథసోన్ అనే స్టెరాయిడ్, గాలిగొట్టాలు తెరిచే సాల్బుటమాల్ పనిచేస్తాయా అని చూసిన ట్రయల్ కోసం. ఆర్‌డీఏఐ అనే ఇంకో స్కోరు 1987లో వచ్చింది, ఎపినెఫ్రిన్‌కి పిల్లికూతలు తగ్గుతాయా అని కొలవడానికి. వుడ్, డౌన్స్‌ల స్కోరు 1972లో తీవ్రమైన ఆస్తమాలో ఊపిరి విఫలమవడాన్ని గుర్తించడానికి పుట్టింది, దాన్ని మార్చి ఫెర్రెస్ పేరు కలిపి బ్రాంకియోలైటిస్‌కి వాడుతున్నారు. వాంగ్‌ది 1992, ఆస్పత్రిలో ఉన్న పిల్లల్ని ఇద్దరు చూస్తే ఒకేమాట చెప్తారా అని పరీక్షించిన అధ్యయనం నుంచి. అంటే వీటిలో చాలావాటి పని మందుకి ముందు, మందు తర్వాత తేడా కొలవడం. బిడ్డని ఇంటికి పంపాలా వద్దా చెప్పడానికి తయారైనవి కావు. తమాషా ఏంటంటే, ఏ మందుల్ని కొలవడానికి ఈ స్కోర్లు కట్టారో, ఆ సాల్బుటమాల్, ఎపినెఫ్రిన్, స్టెరాయిడ్లు బ్రాంకియోలైటిస్‌లో వాడొద్దని అమెరికన్ అకాడమీ ఆఫ్ పీడియాట్రిక్స్ 2014లోనే చెప్పేసింది. మందులు పోయాయి, స్కోర్లు మిగిలాయి.

ఈ పుట్టుక ప్రతి స్కోరులోనూ కనిపిస్తుంది. ఆర్‌డీఏఐ మొత్తం 17 మార్కులు. అందులో 8 పిల్లికూతలకే, మిగతా 9 డొక్కలు లోపలికి పోవడానికి. ఊపిరి వేగం లేదు, ఆక్సిజన్ లేదు, పాలు తాగడం లేదు. ఊపిరి వేగం మార్పుని తర్వాత దీనికి జోడించి ఇంకో కొలత చేశారు, అదీ మార్పుని కొలవడానికే. వుడ్ డౌన్స్ ఫెర్రెస్‌లో గుండె వేగం 120 దాటితే ఒక మార్కు. మెలకువగా ఉన్న నాలుగు నెలల ఆరోగ్యవంతమైన బిడ్డకే గుండె 120 దాటి కొట్టుకోవడం మామూలు! ఆ మార్కు అందరికీ ఊరికే పడిపోతుంది. సవరించిన టాల్ స్కోరులో చర్మం నీలిరంగుకి బదులు ఆక్సిమీటర్ రీడింగ్ పెట్టారు. ఇది నిజంగా మెరుగు, ఎందుకంటే కంటికి నీలం కనపడేసరికి ఆక్సిజన్ అప్పటికే బాగా పడిపోయి ఉంటుంది. కొన్ని రూపాల్లో ఆరు నెలల లోపు పిల్లలకి ఊపిరి వేగం హద్దులు వేరుగా ఇచ్చారు, అదీ మంచిదే. ఏదో ఒకటి చెప్పమంటే నేను సవరించిన టాల్ వైపే మొగ్గుతాను. కానీ మీ వార్డులో అందరికీ వాంగ్ అలవాటై ఉంటే దాన్ని మార్చడానికి కష్టపడొద్దు. అలవాటున్న స్కోరుని ఒకేలా వేయడం, కొత్త స్కోరుని తలా ఒక రకంగా వేయడం కన్నా మేలు.

వయసు హద్దుల సంగతి కొంచెం చెప్పాలి. రెండు నెలల లోపు బిడ్డ ప్రశాంతంగా పడుకుని నిమిషానికి 48 సార్లు ఊపిరి తీస్తే అందులో జబ్బేమీ లేదు. వాంగ్ అతనికీ 2 వేస్తుంది. ఇరవై నెలల పిల్లాడు అదే 48 తీస్తే అది నిజంగా ఎక్కువ. అతనికీ 2. ప్రపంచ ఆరోగ్య సంస్థ హద్దులు గుర్తుంచుకోండి: రెండు నెలల లోపు 60, రెండు నుంచి పన్నెండు నెలల దాకా 50, ఏడాది నుంచి ఐదేళ్ల దాకా 40, లేదా ఆపైన ఉంటే వేగం ఎక్కువున్నట్టు. స్కోరు అంకె పక్కన ఈ హద్దుతో పోల్చి ఒక మాట రాసుకుంటే సరిపోతుంది.

స్కోరు వేయడానికి ముందు ముక్కు శుభ్రం చేయండి. మీ వార్డులో మార్చాల్సింది ఒక్కటే చెప్పమంటే ఇదే చెప్తాను. చిన్నపిల్లలు ప్రధానంగా ముక్కుతోనే ఊపిరి తీస్తారు. బ్రాంకియోలైటిస్‌లో ముక్కు నిండా చీమిడి ఉంటుంది. అది అడ్డుపడితే డొక్కలు ఎగరేస్తారు, ఛాతీ మీద స్టెత్ పెడితే ఆ శబ్దమే గరగరమని వినిపిస్తుంది, కొత్తవాళ్లు దాన్ని పిల్లికూతగా రాసేస్తారు. సెలైన్ చుక్కలు వేసి మెత్తగా సక్షన్ చేసి, బిడ్డ కుదుటపడ్డాక వేస్తే స్కోరు రెండు మూడు మార్కులు పడిపోవడం నేను ఎన్నోసార్లు చూశాను. పాలు కూడా అప్పుడే బాగా తాగుతారు. కాబట్టి సక్షన్ ముందు స్కోరు, తర్వాత స్కోరు రెండూ రాయండి, నిర్ణయానికి రెండోదాన్నే చూడండి. సక్షన్ అంటే గొంతు లోతుకి గొట్టం దింపి గెలకడం కాదు. అలా చేస్తే వాపు పెరిగి ఇంకా ఇబ్బంది పడతారు. ముక్కు ముందుభాగం చాలు.

తర్వాతది లెక్కపెట్టడం. పదిహేను సెకన్లు లెక్కపెట్టి నాలుగుతో హెచ్చవేసే అలవాటు మానండి. పసిపిల్లల ఊపిరి ఒకేలా ఉండదు, గబగబా కొన్ని తీసి కాసేపు నెమ్మదిస్తారు. పదిహేను సెకన్లలో రెండు అటూ ఇటూ అయితే నిమిషానికి ఎనిమిది తేడా వస్తుంది, స్కోరులో గడి మారిపోతుంది. నిండా ఒక నిమిషం, చొక్కా పైకెత్తి, బిడ్డ తల్లి ఒడిలో ప్రశాంతంగా ఉండగా, మీరు చెయ్యి వేయకముందే లెక్కపెట్టండి. స్టెత్ ఆఖరున. జ్వరం ఉంటే ఊపిరి వేగం పెరుగుతుంది కాబట్టి టెంపరేచర్ కూడా పక్కన రాయండి, తగ్గాక మళ్లీ చూడండి. ఏడుస్తున్న బిడ్డకి స్కోరు వేయొద్దు. ఎంతకీ ఊరుకోకపోతే "ఏడుపులో వేసింది" అని రాయండి, పది నిమిషాల్లో మళ్లీ రండి.

పిల్లికూతల విషయంలో ఇద్దరు డాక్టర్లు ఏకీభవించడం కష్టం, అనుభవజ్ఞులైనా సరే. డొక్కల విషయంలో, ఊపిరి వేగం విషయంలో కొంత నయం. పైగా పిల్లికూత మోసం చేస్తుంది. కూత రావాలంటే గాలి కదలాలి. సన్నని గాలిగొట్టాలు బాగా మూసుకుపోతే, లేదా బిడ్డ గట్టిగా ఊపిరి తీసే ఓపిక కోల్పోతే కూత తగ్గిపోతుంది. ఛాతీ నిశ్శబ్దమవుతుంది, స్కోరు దిగుతుంది. కొత్త డాక్టర్ సంతోషపడతారు.

ఇలాంటి ఒక పాప నాకు బాగా గుర్తు. మూడు నెలల వయసు, జబ్బు నాలుగో రోజు. పగలంతా ఊపిరి 70 పైన, డొక్కలు బాగా ఎగరేస్తోంది, స్కోరు 9. సాయంత్రానికి ఊపిరి 44, పిల్లికూతలు దాదాపు లేవు, డొక్కలు ఎగరేయడం తగ్గింది. నర్సు ఇచ్చిన చార్టులో గీత చక్కగా కిందికి దిగింది. కానీ పాప పాలిచ్చినా నోరు తెరవడం లేదు, సూది గుచ్చినా మూలిగి ఊరుకుంది. రక్తంలో వాయువులు కొలిచే బ్లడ్ గ్యాస్ పరీక్ష చేస్తే కార్బన్ డయాక్సైడ్ బాగా పెరిగి ఉంది. వెంటనే ఐసీయూకి మార్చి వెంటిలేటర్ సాయం ఇవ్వాల్సి వచ్చింది, తర్వాత పాప కోలుకుంది. ఇక్కడ తగ్గింది జబ్బు కాదు, పాప శక్తి. స్కోరు తగ్గుతున్నప్పుడు బిడ్డ చురుకుదనం పెరగాలి, పాలు పెరగాలి. ఈ రెండూ పెరగకుండా స్కోరు ఒక్కటే తగ్గితే అది చెడ్డ కబురు అనుకోండి. గుండె వేగం ఒక్కసారిగా నెమ్మదించడం, చర్మం మచ్చలు మచ్చలుగా పాలిపోవడం కూడా ఇదే కోవలోవి.

ఇక స్కోరులో అసలు కనపడనివి. వీటిలో మొదటిది ఊపిరి ఆగిపోవడం, మనం అప్నియా అనేది. ఆరేడు వారాల లోపు పిల్లల్లో, నెలలు నిండకుండా పుట్టినవాళ్లలో బ్రాంకియోలైటిస్ కొన్నిసార్లు ఇలాగే మొదలవుతుంది, దగ్గూ కూతా బయటపడకముందే. ఒక తల్లి ఐదు వారాల బాబుని తెచ్చింది, ముప్పై మూడు వారాలకే పుట్టిన బిడ్డ. ముక్కు దిబ్బడ, కొంచెం దగ్గు. వాంగ్ స్కోరు 2. "రాత్రి ఒకసారి ఊపిరి తీయడం ఆపేసి ముఖం పాలిపోయింది, ఎత్తుకుని కదిపితే మళ్లీ తీశాడు" అని ఆమె చెప్పింది. ఆ ఒక్క మాటకే అడ్మిట్ చేశాం. ఆ రాత్రి మానిటర్ మీద మూడుసార్లు ఊపిరి ఆగింది. స్కోరు 2 తప్పు కాదు, ఆ క్షణానికి అది నిజమే. ఏ స్కోరూ తల్లి నిన్న రాత్రి చూసింది చూడలేదు, అంతే. చరిత్ర అడిగేటప్పుడు "ఊపిరి ఆగిందా" అని అడిగితే కొందరు తల్లులు లేదంటారు. "కదలకుండా అయిపోయాడా, రంగు మారిందా, భయపడి ఎత్తుకున్నారా" అని అడగండి.

రెండోది జబ్బు ఎన్నో రోజు. బ్రాంకియోలైటిస్ సాధారణంగా మూడు నుంచి ఐదు రోజుల మధ్య ముదిరి తర్వాత తగ్గుముఖం పడుతుంది. రెండో రోజు స్కోరు 5, ఆరో రోజు స్కోరు 5 ఒకటి కావు. మొదటివాడు ఇంకా కొండ ఎక్కుతున్నాడు, రెండోవాడు దిగుతున్నాడు. మీ బాబుది మూడో రోజు అన్నారు. అంటే నేనైతే 5 ఉన్నా ఆ రాత్రి ఇంటికి పంపడానికి ఒకటికి రెండుసార్లు ఆలోచిస్తాను, ఇల్లు ఎంత దూరం, రాత్రి మళ్లీ తీసుకురాగలరా అని కూడా అడుగుతాను.

మూడోది పాలు. మామూలుగా తాగేదాంట్లో సగమో ముప్పావో మాత్రమే తాగుతుంటే బ్రిటన్‌లోని నైస్ అనే సంస్థ మార్గదర్శకాలు ఆస్పత్రికి పంపే ఆలోచన చేయమంటాయి. పన్నెండు గంటలుగా డైపర్ తడవకపోవడం కూడా ప్రమాద సూచనే. తల్లిపాలు తాగే బిడ్డకి ఎన్ని మిల్లీలీటర్లు అని చెప్పడం కుదరదు. ఎంతసేపు తాగుతున్నాడు, మధ్యలో ఎన్నిసార్లు వదిలేసి ఆయాసపడుతున్నాడు, ఎన్నిసార్లు మూత్రం పోశాడు అని అడగండి. వీలైతే మీ ఎదురుగా పాలు పట్టించి చూడండి. ఐదు నిమిషాలు బిడ్డ పాలు తాగడం చూస్తే పదిసార్లు స్టెత్ పెట్టినదాని కన్నా ఎక్కువ తెలుస్తుంది. ఊపిరి, చప్పరింపు, మింగడం మూడూ కలిసి నడవాలంటే బిడ్డకి ఓపిక ఉండాలి. ఊపిరి నిమిషానికి 70 దాటిన బిడ్డకి నోటితో పట్టించాలని పట్టుబట్టొద్దు, పాలు ఊపిరితిత్తుల్లోకి పోయే ప్రమాదం ఉంది. ముక్కు గొట్టం ద్వారా కొద్దికొద్దిగా ఇవ్వొచ్చు, లేదా సెలైన్ పెట్టొచ్చు.

నాలుగోది బిడ్డ నేపథ్యం. మూడు నెలల లోపు వయసు, నెలలు నిండకుండా పుట్టడం, ముఖ్యంగా 32 వారాల లోపు, పుట్టుకతో గుండె జబ్బు, దీర్ఘకాలిక ఊపిరితిత్తుల జబ్బు, కండరాల బలహీనత, రోగనిరోధక శక్తి లోపం. వీటిలో ఒకటున్నా అదే స్కోరుకి మీ జాగ్రత్త ఒక మెట్టు పైన ఉండాలి. గుండె విషయంలో ఒక హెచ్చరిక. కొన్నిసార్లు బ్రాంకియోలైటిస్ అనుకున్నది గుండె జబ్బే అవుతుంది. పాలు తాగేటప్పుడు నుదుటి మీద చెమటలు, బరువు పెరగకపోవడం, గుండెలో మర్మర్ అనే అదనపు శబ్దం, తొడ దగ్గర నాడి అందకపోవడం, స్కోరుకి పొంతన లేని గుండె వేగం ఉంటే ఆగి ఆలోచించండి. కాలేయం చేతికి తగిలినంత మాత్రాన తేల్చేయొద్దు. గాలి నిండి ఉబ్బిన ఊపిరితిత్తులు దాన్ని కిందికి నెడతాయి కాబట్టి బ్రాంకియోలైటిస్‌లోనూ తగలొచ్చు.

ఈ కనపడనివాటిలో కొన్నిటిని లెక్కలోకి తెచ్చే ప్రయత్నం జరగలేదని కాదు. 2018లో వెలువడిన ఒక పెద్ద అధ్యయనం, ఎమర్జెన్సీకి వచ్చిన పసిపిల్లల్లో హై ఫ్లో (ముక్కు ద్వారా వేగంగా ఇచ్చే ఆక్సిజన్), వెంటిలేటర్ లేదా ఐసీయూ ఎవరికి అవసరం కావచ్చో ముందే చెప్పే 14 మార్కుల స్కోరు ఇచ్చింది. అందులో ఉన్నవి: ఆక్సిజన్ 90 శాతం కన్నా తక్కువ, ముక్కుపుటాలు ఎగరేయడం లేదా మూలుగు, ఊపిరి ఆగడం, డొక్కలు లోపలికి పోవడం, రెండు నెలలు లేదా ఆలోపు వయసు, ఒంట్లో నీరు తగ్గడం, సరిగ్గా పాలు తాగకపోవడం. గమనించారా, పిల్లికూత లేదు! మీరు అడిగిన "ఎవరిని ఐసీయూకి" అన్న ప్రశ్నకి దగ్గరగా వచ్చేది ఇలాంటి స్కోరే. వాంగ్, టాల్ ఇప్పుడు ఎంత కష్టపడుతున్నాడో చెప్తాయి, ఇది ముందు ఏం కావచ్చో చెప్తుంది. రెండిటినీ కలపొద్దు. దీన్ని కూడా ఒక్కసారి ఎమర్జెన్సీలో వాడుకోవాలి, వార్డులో గంటగంటకీ వేయడానికి కాదు.

ఆక్సిమీటర్ గురించి క్లుప్తంగా. నైస్ హద్దు ఆరు వారాలు దాటిన బిడ్డలకి 90 శాతం, ఆరు వారాల లోపు వాళ్లకీ, వేరే జబ్బులున్నవాళ్లకీ 92. అమెరికన్ అకాడమీ 90 పైన ఉంటే ఆక్సిజన్ ఇవ్వకపోయినా ఫర్వాలేదంటుంది. మనం ఈ అంకెకి ఎంత బానిసలమో 2014లో కెనడాలో జరిగిన ఒక ట్రయల్ చూపించింది. కొందరు పిల్లలకి ఆక్సిమీటర్ అసలుకన్నా మూడు పాయింట్లు ఎక్కువ చూపించేలా పెట్టారు. అసలు రీడింగ్ చూపించినవాళ్లలో 41 శాతం అడ్మిట్ అయితే, పెంచి చూపించినవాళ్లలో 25 శాతమే. పిల్లలు ఒకేలాంటి వాళ్లే, అంకె వేరు, అడ్మిషన్లు తగ్గిపోయాయి. 2015లో బ్రిటన్‌లో జరిగిన మరో ట్రయల్‌లో 94 బదులు 90ని హద్దుగా పెట్టుకున్నా దగ్గు తగ్గడానికి పట్టిన కాలంలో తేడా రాలేదు. కాబట్టి నిద్రలో ఒకసారి 89కి దిగి వెంటనే 94కి లేచిన బిడ్డని చూసి కంగారు పడొద్దు. అటువైపు జాగ్రత్త కూడా ఉంది. ముదురు రంగు చర్మం మీద ఆక్సిమీటర్ అసలుకన్నా కొంచెం ఎక్కువ చూపించొచ్చు. హద్దు దగ్గర ఆడుతున్న 91, 92లని నమ్మి స్కోరులో మార్కు తగ్గించే ముందు బిడ్డ ముఖం చూడండి. పాదం చల్లగా ఉన్నా, కదులుతున్నా రీడింగ్ పనికిరాదు, తెర మీద అల నిలకడగా వచ్చాకే రాసుకోండి.

ఎంతకోసారి వేయాలని కూడా అడిగారు. నా పద్ధతి ఇది. అడ్మిట్ అయినప్పుడు ఒకటి, సక్షన్ తర్వాత ఒకటి. మధ్యస్థంగా ఉన్న బిడ్డకి మొదటి రోజు రెండు మూడు గంటలకోసారి, కుదుటపడ్డాక ఆరు గంటలకోసారి. డ్యూటీ మారేటప్పుడు వెళ్లేవాళ్లూ వచ్చేవాళ్లూ ఇద్దరూ కలిసి మంచం దగ్గర నిలబడి ఒక స్కోరు వేయాలి. మీకు ఎదురైన 5, 8 గొడవ దీనితో చాలావరకు పోతుంది. ఇద్దరికీ ఒక మార్కు తేడా వస్తే పట్టించుకోను. అదే పనిగా రెండు మూడు మార్కులు తేడా వస్తుంటే ఏదో ఒక అంశాన్ని ఇద్దరూ వేర్వేరుగా అర్థం చేసుకున్నారని అర్థం, అక్కడికక్కడే మాట్లాడుకోవాలి. మంచి వీడియోలు చూసి అందరూ స్కోరు వేసి పోల్చుకునే పద్ధతి కూడా బాగుంటుంది.

హై ఫ్లో పెట్టిన బిడ్డలో స్కోరుకి అసలైన ఉపయోగం కనపడుతుంది. 2018లో ప్రచురితమైన ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ ట్రయల్‌లో మామూలు ఆక్సిజన్‌తో మొదలుపెట్టినవాళ్లలో 23 శాతానికి వైద్యం పెంచాల్సి వస్తే, హై ఫ్లోతో మొదలుపెట్టినవాళ్లలో 12 శాతానికే వచ్చింది. కానీ మామూలు ఆక్సిజన్ సరిపోనివాళ్లలో చాలామంది తర్వాత హై ఫ్లోతో గట్టెక్కారు. కాబట్టి అందరికీ ముందే పెట్టక్కర్లేదు. పెడితే మాత్రం పెట్టేముందు స్కోరు రాయండి, గంట, గంటన్నర తర్వాత మళ్లీ రాయండి. పనిచేస్తుంటే ఊపిరి వేగం, గుండె వేగం ఈపాటికి దిగాలి, బిడ్డ సుఖంగా కనపడాలి. దిగకపోతే ఇంకో నాలుగు గంటలు చూద్దాం అనుకోకండి, ఐసీయూకి ఫోన్ చేయండి.

నేను అంకెతో సంబంధం లేకుండా ఐసీయూకి ఫోన్ చేసేవి: ఊపిరి పదే పదే ఆగడం, ప్రతి ఊపిరికీ మూలుగు, ఆక్సిజన్ ఇస్తున్నా 90 నిలబడకపోవడం, బిడ్డ అలిసి మత్తుగా అవడం. వీటిలో ఒక్కటున్నా స్కోరు లెక్కపెడుతూ కూర్చోవద్దు.

ఈ సమాధానం తల్లిదండ్రులు కూడా చదువుతుంటారు కాబట్టి ఒక మాట. ఇంట్లో ఈ స్కోర్లు వేయకండి, అవి మీకోసం కావు. బిడ్డ మామూలుగా తాగేదాంట్లో సగం కూడా తాగకపోయినా, పన్నెండు గంటలు మూత్రం పోయకపోయినా, డొక్కలు బాగా లోపలికి పోతున్నా, మూలుగుతున్నా, ముఖమో పెదవులో నీలంగా మారినా, ఊపిరి ఆగినట్టు అనిపించినా, లేపితే లేవకపోయినా ఆలస్యం చేయకుండా ఆస్పత్రికి వెళ్లండి. దగ్గు ఒక్కటే మిగిలితే కంగారు పడొద్దు, చాలామందిలో అది మూడు వారాల దాకా ఉంటుంది.

డిశ్చార్జ్‌కి ఎంత స్కోరు ఉండాలని మీ ఆఖరి ప్రశ్న. నేను సున్నా కోసం ఎదురుచూడను. స్టెత్‌కి వినిపించే పిల్లికూత, కాస్త వేగంగా ఊపిరి ఇంకొన్ని రోజులు ఉంటాయి, వాంగ్ 2, 3తో ఇంటికి పంపినవాళ్లు చాలామంది ఉన్నారు. ఆక్సిజన్ సాయం లేకుండా, నిద్రతో సహా కొన్ని గంటలు హద్దుకి పైన నిలబడాలి. మామూలు పాలలో కనీసం ముప్పావు వంతు నోటితో తాగాలి. స్కోరు గత రెండు మూడు సార్లూ పెరగకుండా ఉండాలి. వెనక్కి రావాల్సిన లక్షణాలు తల్లి తన మాటల్లో మనకి తిరిగి చెప్పగలగాలి. ఈ నాలుగూ ఉంటే కేస్ షీట్‌లో చివరి స్కోరుని అంశాలవారీగా రాసి పంపండి. రెండు రోజుల్లో మళ్లీ ఎవరైనా ఆ బిడ్డని చూడాల్సి వస్తే, పోల్చుకోవడానికి వాళ్లకి ఆ నాలుగు అంకెలే కావాలి.